ఎర్రదిన్నె కొట్టాల ట్రిప్పు

ఆ ఎండాకాలం నేను రోజుకు నాలుగు ట్రిప్పుల నీళ్ళు తోలేవాణ్ణి. తూర్పు వీధికి రెండు, బడి దగ్గరి ఇళ్ళకు ఒకటి, మా పడమటి వీధికి ఒకటి. ట్రాక్టరూ, ఐదువేల లీటర్ల ట్యాంకరూ విష్ణువర్ధన్‌వి. నీళ్ళు నింపుకునే బోరు కూడా ఆయన తోటలోదే. నేను డ్రైవర్ని. నా పేరు రామాంజనేయులు, ఊళ్ళో రామాంజి అంటారు. మాది విడపనకల్లు మండలంలో, కర్ణాటక పొలిమేరకు దగ్గరగా ఉన్న ఊరు. ఉగాది దాటిందంటే ఊళ్ళో బోరింగులన్నీ గాలి కొడతాయి. అప్పటినుంచి మొదటి వాన పడేదాకా మా ట్యాంకరు చప్పుడు వినబడితే చాలు, ఆడవాళ్ళు పొయ్యి మీద ఉన్నది దించి బిందెలతో బయటికి వస్తారు.

నేను చెప్పబోయేదాంట్లో కొంత ఎవరూ నమ్మరు. మిగతాది నమ్మడం ఎవరికీ కష్టం కాదు. నేను సిగ్గుపడేది ఆ మిగతాదాని గురించే.

బోరు నుంచి ఊరికి వచ్చే దారిలో వాగు మీద ఒక చిన్న మోరీ ఉంది. అది దాటగానే ఎడమకు చీలే బాట ఎర్రదిన్నె కొట్టాలకు పోతుంది. ఒకప్పుడు పద్నాలుగు ఇళ్ళు ఉండేవి అక్కడ, అందరూ కూలిపని చేసుకునేవాళ్ళే. ఆరేళ్ళుగా అక్కడ ఒక్క పొయ్యీ వెలగలేదు. పైకప్పులు పడిపోయాయి, గోడలు సగానికి కరిగాయి, బాట నిండా కంపచెట్లు మనిషెత్తున పెరిగాయి. ఆ మలుపు వచ్చినప్పుడల్లా నేను తల అవతలికి తిప్పుకునేవాణ్ణి.

చైత్రమాసం పోయే రోజులు. పదకొండు గంటల వేళ మా వీధి ట్రిప్పు నింపుకుని వస్తున్నాను. మోరీ దగ్గర ఒక ముసలామె చెయ్యి అడ్డం పెట్టి నిలబడింది. చూస్తే ఓబమ్మ, కొట్టాల మనిషి. అందరితో పాటు ఇల్లు వదిలి, బళ్ళారి పక్కన కూతురి దగ్గరికి పోయిందని తెలుసు. తిరిగొచ్చింది కాబోలు అనుకున్నాను.

“ఏమప్పా రామాంజీ, ఐదు దినాలాయె నీళ్ళ మొగం సూసి. జొరమంట గదా నీకు” అంది.

ఎప్పుడొచ్చినావవ్వా అని నేను అడిగింది ఆమె వినిపించుకోలేదు. మడ్‌గార్డు పట్టుకుని నా పక్కకు ఎక్కి కూర్చుని, పోనీ పోనీ అని బాట చూపించింది. పాపం మతి తప్పి ఒంటరిగా ఈ కంపల్లోకి వచ్చేసిందనుకున్నాను. కంపలు అడ్డం వచ్చేదాకా పోయి, నచ్చజెప్పి, ఊళ్ళోకి తీసుకుపోదామని బండి తిప్పాను.

కంపలు అడ్డం రాలేదు.

బాట చదునుగా, బండ్లు తిరిగిన జాడలతో ఉంది. ఎదురుగా కనబడే కొండ మీద ఎప్పుడూ ఇరవై గాలిమరలు తిరుగుతుంటాయి. ఇప్పుడు కొండ బోడిగా ఉంది. వంపు తిరిగేసరికి పద్నాలుగు ఇళ్ళూ లేచి నిలబడి ఉన్నాయి. ఒకరి ఇంట్లోంచి పొగ వస్తోంది. వేపచెట్టు కింద పచ్చవి, నీలంవి, ఎర్రవి ప్లాస్టిక్ బిందెలు వరసగా పెట్టి ఉన్నాయి. ఆ వరస మొదట్లో సువర్ణ నిలబడి ఉంది.

సువర్ణ ఆంజినప్ప భార్య. ఆరేళ్ళ కిందట ఆమె శవం మీద మట్టి వేసినవాళ్ళలో నేనూ ఉన్నాను.

ఆమె దగ్గరికొచ్చి, దిగన్నా, అట్ల చూస్తావేమి అంది. ఆమె చీర పట్టుకుని ఐదారేళ్ళ ఆడపిల్ల నా వైపు చూస్తోంది. పై పళ్ళు రెండు ఊడి ఉన్నాయి. ఎట్లా దిగానో, ట్యాంకరు వెనక్కి ఎట్లా పోయానో తెలియదు. ఎన్నో ఏళ్ళ అలవాటుతో చేతులే వాల్వు తిప్పాయి. సువర్ణ పైపు పట్టుకుంది. నీళ్ళు బిందెల్లో పడుతున్న చప్పుడు విని ఇళ్ళలో ఉన్నవాళ్ళందరూ బయటికొచ్చారు. బెంగుళూరుకు కొందరు, ధర్మవరానికి కొందరు చెదిరిపోయారని నేను విన్నవాళ్ళందరూ అక్కడే, ఎవరి గడపలోంచి వాళ్ళు వచ్చారు.

కొట్టాల పెద్దమనిషి బయ్యన్న బీడీ ముట్టించుకుని నా పక్కన నిలబడ్డాడు. ఆరేళ్ళ కిందటి ఎండాకాలం గురించి చెప్పుకొచ్చాడు. కొట్టాలకు నీళ్ళు తోలొద్దని విష్ణువర్ధన్ అన్నా నేను వినలేదట. పనిలోంచి తీసేస్తే సొంతంగా ఒక పాత ట్రాక్టరు సంపాదించి, వేరే బోరు నుంచి నీళ్ళు తెచ్చానట. ఈ ఆరేళ్ళలో ఒక్క ఎండాకాలం కూడా తప్పలేదట. నేను చేసిన పని నాకే ఎందుకు అంత వివరంగా చెబుతున్నాడో నాకు అప్పుడు అర్థం కాలేదు.

“నువ్వు లేకుంటే ఈడ కొట్టాలే ఉండేవి కాదప్పా” అన్నాడు చివరికి.

ట్యాంకరు ఖాళీ అయింది. బండి తిప్పుకుని మోరీ దాటి వెనక్కి చూశాను. కంపచెట్లు. వాటి మీద ఎండ. కొండ మీద గాలిమరలు తిరుగుతున్నాయి. దిగి ట్యాంకరు మీద చేత్తో కొట్టి చూశాను, డొల్లగా మోగింది. ఐదువేల లీటర్లు పోయాయి, నేల మీద తడి మరక లేదు.

ఆరేళ్ళ కిందట మోరీకి ఇవతల, మా పక్క జరిగింది ఇది. పంచాయతీ ఎన్నికలయ్యాయి. విష్ణువర్ధన్ నిలబెట్టిన మనిషి గెలిచాడు గానీ కొట్టాలవాళ్ళు అవతలివాళ్ళకు వేశారని తేలింది. మరునాడు విష్ణువర్ధన్ అన్నం తింటూ నన్ను పిలిచి, పది దినాలు కొట్టాలకు నీళ్ళు ఆపు, తెలిసొస్తాది అన్నాడు. నేను సరే అన్నా అన్నాను. అంతే. నా నోటి నుంచి ఎదురు మాట ఒక్కటి రాలేదు, రావాలని కూడా తోచలేదు. మూడో రోజు ఆంజినప్ప వచ్చి నీళ్ళెందుకు రాలేదని అడిగాడు. కొట్టాలకు తోలే పాత ట్యాంకరు యాక్సిల్ విరిగింది, గుంతకల్లు నుంచి సామాను రావల్ల అన్నాను. ఆ మాట ఎవరూ నాకు చెప్పి పంపలేదు, నేనే కల్పించాను. ఆరో రోజు మధ్యాహ్నం సువర్ణ రెండు మైళ్ళ అవతలి తోటబావికి రెండు బిందెలతో పోయింది. ఆమెకు ఆరో నెల. వచ్చేటప్పుడు ఎండకు పడిపోయింది. మనుషులు చూసేసరికి ప్రాణం లేదు. తొమ్మిదో రోజు విష్ణువర్ధనే కొట్టాలకు నీళ్ళు పంపమన్నాడు. కానీ ఆ ఇళ్ళు ఇక నిలవలేదు, ఏడాది తిరిగేసరికి ఖాళీ అయ్యాయి. మట్టి వేసిన రోజు ఆంజినప్ప నా చెయ్యి పట్టుకుని, బండి విరిగితే నువ్వేం చేస్తావులే రామాంజీ అన్నాడు. ఆ చెయ్యి నేను విడిపించుకోలేదు.

మరునాడు మళ్ళీ మోరీ దగ్గర ఆగాను. పోకూడదనుకుంటూనే బండి తిప్పాను. బాట తెరుచుకుని ఉంది. ఆ మరునాడూ అంతే.

అట్లా పదహారు రోజులు పోయాను. భయం మూడు రోజుల్లో పోయింది. దాని స్థానంలో వచ్చినదాన్ని చెప్పుకోవడానికి నాకు ఇప్పటికీ నోరు రాదు. నాకు అక్కడ బాగుండింది. బండి చప్పుడు వింటే పిల్లలు ఎదురొచ్చేవాళ్ళు. వేపచెట్టు కింద నాకు మంచం వేసేవాళ్ళు. ఒక శుక్రవారం ఓబమ్మ ట్రాక్టరు ముందర పసుపూ కుంకుమా పెట్టింది. సువర్ణ కూతురు ప్రసూన నా పక్క సీటు మీదికెక్కి హారను కొట్టేది. రోజుకో అరగంట నేను మంచివాణ్ణి. నేను చెయ్యని పనికి, నా మొహంతో ఉన్న ఇంకొకడు చేసిన పనికి, దండాలు నేను తీసుకునేవాణ్ణి. ఆంజినప్ప పొద్దున్నే కూలికి పోయేవాడు కాబట్టి నేను పోయే వేళకు ఎప్పుడూ కనబడలేదు. అది నా అదృష్టమనుకున్నాను.

ఆ నీళ్ళు మా పడమటి వీధివి. మిగతా ట్రిప్పులకు చెయ్యి తగిలిస్తే గొడవవుతుంది. మా వీధి ట్రిప్పయితే మా ఇల్లూ అందులోనే ఉంది కదా, నష్టం నాకూ ఉంది కదా అని నాకు నేనే సమాధానం చెప్పుకున్నాను. రెండు మూడు రోజులకోసారి చీకటి పడ్డాక వీధికి ఒక ట్రిప్పు పోసి, మిగతా రోజులకు బోరులో నీళ్ళు తగ్గాయని, మోటారు కాలిందని వీధివాళ్ళకు ఏదో ఒకటి చెప్పేవాణ్ణి. ఎదురింటి అంజనమ్మ వయసు మీరిన మనిషి, ఒంటరిది. ఆమె అడిగితే మాత్రం మొహం చూసి చెప్పలేక బండి దిగకుండానే చెప్పేవాణ్ణి.

ఆ పక్కా ఈ పక్కా కలిసిపోతున్న గుర్తులు ఊళ్ళోవాళ్ళకూ తెలియసాగాయి. ఓబమ్మ పెట్టిన కుంకుమ ట్రాక్టరు మీద అట్లాగే ఉండిపోయింది, నేను ఎంత కడిగినా పోలేదు. మేకలు మేపే దేవేంద్ర, ఎర్రదిన్నె కంపల్లోకి మేకలు అడుగు పెట్టడంలేదని, లోపల బిందెలు తగులుకున్న చప్పుడు వినబడిందని చెప్పాడు. ఒకరోజు మోరీ మీద నుంచి నన్ను చూశాడట. కంపల మధ్య బండి ఆపి, వాల్వు విప్పి, ఎవరితోనో మాట్లాడుతున్నట్టు నిలబడ్డానట. నీళ్ళు ధారగా పడుతున్నాయట, కింద నేల మాత్రం పొడిగానే ఉందట. అతను చెప్పిందాంట్లో మొదటి సగమే జనం నమ్మారు. నేను నీళ్ళు ఏదో దానిమ్మ తోటకు అమ్ముకుంటున్నానని పుకారు లేచింది. విష్ణువర్ధన్ పిలిచి అడిగాడు. ట్యాంకరు అడుగున చిల్లు పడిందన్నా, కారిపోతాంది అన్నాను. ఆ మాట నోట్లోంచి వచ్చాక నాకే తెలిసింది, ఆరేళ్ళ కిందటిలాగే మళ్ళీ బండి మీదికి తోసేశానని.

పదహారో రోజు నేను కొట్టాల నుంచి తిరిగొచ్చేసరికి మా ఇంటి ముందు జనం ఉన్నారు. నా భార్య జ్యోతిలక్ష్మి వాకిట్లో చాప మీద పడుకుని ఉంది. అంజనమ్మ ఆమె మొహం మీద తడిగుడ్డ అద్దుతోంది. రెండు రోజులుగా వీధికి నీళ్ళు లేకపోతే, తనకూ అంజనమ్మకూ కలిపి తోట బోరు నుంచి తెద్దామని ఎండలో బయలుదేరి, దారిలో పడిపోయిందట. కళ్ళు మూతలు పడుతున్నాయి. ఒళ్ళు కాలిపోతోంది. అదే ట్రాక్టరు నుంచి ట్యాంకరు ఊడదీసి, ట్రాలీ తగిలించుకుని ఉరవకొండ ఆసుపత్రికి తీసుకుపోయాను. ఆ పద్దెనిమిది మైళ్ళూ నేను వెనక్కి తిరిగి చూడలేదు. చూస్తే సువర్ణ కనబడుతుందేమోనని.

సాయంత్రానికి సెలైన్లు ఎక్కాక కళ్ళు తెరిచింది. ఇంకొంచెం ఆలస్యమైతే కష్టమయ్యేదని డాక్టరు చెప్పిపోయాడు. నేను మంచం పక్కన నేల మీద కూర్చుని, మొదటినుంచీ అంతా చెప్పాను. విష్ణువర్ధన్ మాట, యాక్సిల్, సువర్ణ, మోరీ అవతలి బాట, పదహారు ట్రిప్పులు. నేను ఆపాక ఆమె పైనున్న సెలైన్ సీసా వైపు చూసింది.

“ఆ కొట్టాలు ఎట్ల లేచినాయో, నీళ్ళు యాడికి పోతాండాయో నాకు తెలీదు” అంది. “యాక్సిల్ మాట మాత్రం అర్థమాయె. ఆంజినప్పకు చెప్పినావా?”

లేదన్నాను.

“ఆ పక్క సువర్ణకు?”

లేదన్నాను. ఆమె గోడ వైపు తిరిగి పడుకుంది. కాసేపటికి, ఆ ఏడు సువర్ణ పోయినప్పుడు వాళ్ళింటికి సంగటి చేసి పంపింది నేనే గదా అంది, నాతో కాదన్నట్టు.

మరునాడు శుక్రవారం. జ్యోతిని ఇంట్లో దింపి, ట్యాంకరు నింపుకుని కొట్టాలకు పోయాను. బిందెలు నిండాక సువర్ణను ఉండమన్నాను. ఓబమ్మ కూడా వేపచెట్టు మొదట్లో కూర్చుంది. నేను నిలబడే చెప్పాను. మీరనుకునే మనిషిని నేను కాదు. మా పక్క నీళ్ళు ఆపినవాణ్ణి నేను. అబద్ధం చెప్పినవాణ్ణి నేను. మా పక్క ఈ కొట్టాలున్న చోట కంపలే ఉన్నాయి. ఇంకా చెప్పాల్సింది ఉంది గానీ సువర్ణ మొహం చూస్తూ నువ్వు చచ్చిపోయావని చెప్పలేకపోయాను.

ఓబమ్మ వక్క నములుతూ నిదానంగా అంది. “మాకు తెల్సప్పా. మా రామాంజిని మేమే మోసి పూడ్చినాము. కాలవ గట్టు మింద ట్రాక్టరు బోల్తాపడి పోయినాడు. ఐదో దినము మోరీ కాడ బండి సప్పుడైతే నేనే వచ్చి సూసినా. అదే మొగము. గుండె ఆగిపాయె. కానీ ఇండ్లల్లో సుక్క నీళ్ళు లేవు. అడిగితే నువ్వు మాయమైపోతావని ఎవురమూ అడగలేదు.”

పదహారు రోజులు వాళ్ళు నన్ను చూసి దండం పెట్టింది నాకు కాదు. చచ్చిపోయిన వాడికి. బయ్యన్న ఆ రోజు నాకు చెప్పింది వాడి కథ. వాడి భార్య, ఆ పక్కనున్న జ్యోతిలక్ష్మి, ఏమైందని అడిగాను. తన అన్న ఇంటికి పోయిందని ఓబమ్మ చెప్పింది.

“నువ్వు మా అన్నవు కాదని మొదటి దినమే తెలిసె” అంది సువర్ణ. “ఆయప్ప ఎప్పుడూ ఇట్ల తల వంచుకోని నిలబడింది లేదు.”

ప్రసూనను పిలిచి ఒళ్ళో కూర్చోబెట్టుకుంది. చక్కగా ఉన్న జడను విప్పి మళ్ళీ అల్లడం మొదలుపెట్టింది. అల్లుతూనే అడిగింది.

“ఆ పక్క నేను లేను గదా?”

నేను తల ఊపాను.

“ఇదీ?”

మళ్ళీ తల ఊపాను. ఆమె వేళ్ళు ఒక్క క్షణం ఆగి, మళ్ళీ కదిలాయి. మా ఆయన ఏమైనాడని అడిగింది. సోమందేపల్లెలో, హైవే పక్కన హోటల్లో పని చేస్తున్నాడని, ఒక్కడే ఉంటాడని చెప్పాను. జడ చివరిదాకా అల్లి రిబ్బను కట్టింది.

“నేనీడ ఉండానని ఆయనకు చెప్పొద్దు. చెప్తే పనీపాటా ఇడిసిపెట్టి ఆ కంపల్లో వచ్చి కూసుంటాడు. నాకు తెల్సు ఆయన సంగతి. నువ్వు చేసింది చెప్పు. అదొక్కటే చెప్పు.”

సోమవారం నుంచి కొట్టాలకు వేరే బండి వస్తుందని, బయ్యన్నవాళ్ళు మండలాఫీసులో మాట్లాడి వచ్చారని, ఇక నేను రానక్కర్లేదని ఓబమ్మ అంది. మధ్యలో రెండు రోజులు ఎట్లా అంటే, ఉన్నవి సర్దుకుంటాము, నువ్వు మీ వీధికి పోసుకో అంది. క్షమించమని అడగాలని నాకు ఉండింది. అయినా ఈ సువర్ణకు నేను ఏ అన్యాయమూ చెయ్యలేదు. నేను అన్యాయం చేసిన సువర్ణ వినడానికి లేదు. ఖాళీ బండితో బయటికొచ్చాను. మరునాడు మోరీ దగ్గర ఆగి చూస్తే కంపచెట్లు ఉన్నాయి. ఒక కొమ్మ విరిచి చూశాను, ముల్లు దిగింది. ఇంకెప్పుడూ ఆ బాట తెరుచుకోలేదు.

ఆదివారం పొద్దున అనంతపురం పోయి, పెనుకొండ మీదుగా సోమందేపల్లెకు బస్సు ఎక్కాను. దారి పొడుగునా ఒకటే ఆలోచన. ఆమె బతికే ఉంది, నీకు కూతురుంది అని ముందు చెబితే, నేను చేసింది చెప్పడం ఎంత సులువయ్యేదో. ఆ సులువు సువర్ణ నాకు లేకుండా చేసింది.

మధ్యాహ్నం మూడు గంటలకు హోటల్లో రద్దీ తగ్గింది. ఆంజినప్ప వెనక గోడ పక్కన గిన్నెలు తోముతున్నాడు. బాగా చిక్కిపోయాడు, చెవుల దగ్గర వెంట్రుకలు తెల్లబడ్డాయి. నన్ను చూసి సంతోషపడ్డాడు. చేతులు తుడుచుకుని, లోపలికి పోయి నాకు టీ తెచ్చాడు. ఊరి సంగతులు అడగబోతుంటే నేను టీ కింద పెట్టి చెప్పేశాను.

అతను గిన్నెల పక్కన కూర్చున్నాడు.

“యాక్సిల్ విరగలేదా?”

“లేదు.”

“మరి ఆ దినం బండి యాడుండె?”

“విష్ణన్న కళ్ళంలో. నీడకు నిలబెట్టింటి.”

“ట్యాంకరులో నీళ్ళుండెనా?”

ఈ ప్రశ్న వస్తుందని ఎందుకో నేను అనుకోలేదు. “నిండుగా ఉండె” అన్నాను. “సాయంత్రం దొడ్లో ఎనుములకు పోసినాము.”

లోపలినుంచి ఎవరో ప్లేట్లు కావాలని కేకేశారు. అతను లేచి, కడిగినవి ఎత్తుకుని లోపలికి పోయాడు. తిరిగొచ్చి మళ్ళీ కూర్చుని, మిగిలిన గిన్నెలు తోమడం మొదలుపెట్టాడు. కొడతాడేమో అనుకున్నాను. కొట్టలేదు.

“ఆరేళ్ళు ఒక ఇనుప ముక్కను తిట్టుకుంటా బతికినా” అన్నాడు.

మళ్ళీ గిన్నెల మీదికి వంగాడు. నేను కాసేపు నిలబడి, బస్టాండుకు వచ్చేశాను. గంట తర్వాత బస్సు ఎక్కుతుంటే వెనక నుంచి వచ్చాడు. ఒంటి మీద హోటల్ బనీను, భుజాన తువ్వాలు.

“ఈ మాట ఊర్లో పదిమంది ముందర చెప్తావా? విష్ణువర్ధన్ ఉండంగా?”

చెప్తా అన్నాను. అతను నా ముందు బస్సెక్కి, నాకు దూరంగా, వెనక సీట్లో కూర్చున్నాడు.

మరునాడు సాయంత్రం రచ్చకట్ట దగ్గర చెప్పాను. ఆరేళ్ళ కిందటిదీ చెప్పాను, ఈ ఎండాకాలం పడమటి వీధికి ఎగ్గొట్టిన ట్రిప్పులదీ చెప్పాను. ఆ నీళ్ళు ఎక్కడికి పోయాయంటే మాత్రం నోరు మెదపలేదు. అంజనమ్మ, మా జ్యోతి, అందరూ వింటున్నారు. విష్ణువర్ధన్ ఎప్పటి మాటో ఇప్పుడెందుకని నవ్వబోయి, ఎవరూ నవ్వకపోయేసరికి లేచిపోయాడు. ఆయనకు అంతకంటే ఏమీ కాలేదు. తెల్లవారి ట్రాక్టరు తాళంచెవి పంపమని మనిషి వచ్చాడు. ఆ మనిషి చేతికి ఇవ్వకుండా జ్యోతే పోయి, విష్ణువర్ధన్ ఇంటి అరుగు మీద పెట్టి వచ్చింది. ఇప్పుడు నేను గుంతకల్లులో లారీలకు మూటలెత్తుతున్నాను. తను మిరపకాయల కోతకు పోతుంది. మా వీధిలో కొందరు నాతో మాట్లాడతారు, కొందరు మాట్లాడరు. జ్యోతి నాకు అన్నం పెడుతుంది. కానీ నేను బయటినుంచి తెచ్చిన ఏ కబురైనా, నిజమేనా అని ఒకసారి అడిగి గానీ నమ్మదు. ఇంతకుముందు అట్లా అడిగేది కాదు.

తాళంచెవి ఇచ్చేసిన పొద్దునే ఆంజినప్ప సోమందేపల్లెకు తిరిగిపోయాడు. మా ఊరి బస్సు ఆగే చోటు మోరీకి దగ్గర. నేను కూడా పోయి కొంచెం దూరంలో నిలబడ్డాను. బస్సు దుమ్ము కనబడ్డాక అతను నా వైపు తిరిగాడు.

“ఆరేళ్ళు నోరు మూసుకోనుంటివి. ఇప్పుడెట్ల వచ్చె బుద్ధి? ఎవురు చెప్పమనిరి నీకు?”

నా నోట్లోకి ఆమె పేరు వచ్చింది. పిల్ల పేరు కూడా.

“మా ఇంటామె” అన్నాను. అది అబద్ధం కాదు.

అతను ఇంకొంచెం సేపు చూశాడు. నేను చెప్పింది సగమేనని తెలిసినట్టు ఉంది. బస్సు వచ్చి ఆగింది. ఎక్కి, ఎర్రదిన్నె కనబడే పక్క కిటికీ దగ్గర కూర్చున్నాడు. కంపల వైపే చూస్తున్నాడు. కండక్టరు తలుపు వేసేదాకా, బండి కదిలేదాకా నాకు సమయం ఉంది.

నేను చెప్పలేదు.